ఏమీ లేని ఏడు కిలోమీటర్లు

రొట్టె ముక్కల మధ్య కాగితం పెట్టలేదని డబ్బా మూత బిగించాక గాని రగ్నాకు గుర్తు రాలేదు. మళ్ళీ మూత తీసింది. ఒక ముక్క, దాని మీద మేకపాల చీజ్ పల్చటి పొర, ఆ పైన నలుచదరంగా కత్తిరించిన నూనె కాగితం, ఆ పైన ఇంకో ముక్క. నలభై ఆరేళ్ళుగా ఇలాగే పేరుస్తోంది. కాగితం లేకపోతే ముక్కలు అంటుకుంటాయన్నది పెద్ద సంగతి కాదు. అంటుకున్న రోజున హల్వార్ వాటిని రెండు వేళ్ళతో పైకెత్తి, కారులో ఉన్నవాళ్ళందరికీ చూపించి, "మా ఆవిడ కొత్త వంటకం కనిపెట్టింది, చూడండి" అంటాడు. అందరూ నవ్వుతారు. ఆమె కూడా నవ్వాలి. ఇప్పుడు అతను ఆ మాట అనలేడు. ఏ మాటా అనలేడు. అయినా చేతులు వాటంతటవే కాగితం వెతికాయి.

ఫ్లాస్కులో ముందుగా మరిగిన నీళ్ళు పోసి, కాసేపుంచి, పారబోసి, అప్పుడు కాఫీ నింపింది. అది అత్తగారు నేర్పిన పద్ధతి. పెళ్ళైన మొదటి వారంలోనే పొయ్యి దగ్గర నిలబెట్టి నేర్పింది. "మావాడికి చల్లారిన కాఫీ తాగే అలవాటు లేదమ్మాయ్. నువ్వు చెడగొట్టకు" అంది. అతనికి లేని అలవాట్లు ఇంకా చాలా ఉన్నాయని రగ్నాకు ఒక్కొక్కటిగా తెలిసింది. మ్యాపు చూసుకునే అలవాటు లేదు, అది పక్క సీటులో కూర్చున్న మనిషి పని. ఉత్తరాలకు జవాబు రాసే అలవాటు లేదు, కానీ ఉత్తరాలు అతని పేరుమీదే రావాలి. భార్య చేతికి స్టీరింగ్ ఇచ్చే అలవాటు లేదు. రగ్నా ఇరవై నాలుగో ఏటే లైసెన్సు తెచ్చుకుంది. ఆ లైసెన్సు సరుకుల కొట్టు వరకూ, చర్చి వరకూ పనికొచ్చింది. కొండ దారి దగ్గరికొచ్చేసరికి, "నీ నరాలకు అది పడదు, జరుగు" అనేవాడు. నలభై ఆరేళ్ళు ఆమె జరిగింది.

ఈ రోజు ఆ కొండ దారిలోనే వెళ్ళాలి.

ఆలోచన మారిత్‌ది. పక్షవాతం వచ్చినవాళ్ళకు మళ్ళీ మాట నేర్పే పిల్ల, హల్వార్ ఉంటున్న వృద్ధుల హోముకి వారానికి రెండుసార్లు వస్తుంది. హల్వార్‌కు మిగిలిన మాట ఒక్కటే. తలలో నరం చిట్లిన తర్వాత తొమ్మిదో రోజున నోరు తెరిచి ఆ మాట అన్నాడు, అప్పటినుంచీ ఆకలేసినా, కోపమొచ్చినా, కిటికీ వేయమన్నా అదే. "అలాగే." కాపురంలో ఒక్కసారి కూడా భార్యతో అనని మాట అది. నర్సులు దానికి మురిసిపోతారు, "ఎంత మంచి పెద్దాయనో, దేనికీ కాదనరు" అంటారు. మొన్న మంగళవారం మారిత్ అతని కుర్చీ పక్కన మోకాళ్ళమీద కూర్చుని రగ్నాతో అంది: "అమ్మా, ఆయన గొంతు ఎక్కడైనా రికార్డై ఉందా? సొంత గొంతు వింటే ఒక్కోసారి మాటలు వెనక్కి వస్తాయి."

"ఎందుకు లేదు," అంది రగ్నా. "ఫోనులో ఉంది. కొండ దారి యాత్ర."

"అయ్యో, అది ఈయనేనా! నేను విన్నాను. మా అత్తవాళ్ళు వస్తే పోయినేడాది తీసుకెళ్ళాం. ఎంత బాగా చెప్తారో! మీరు రోజూ వింటుంటారేమో?"

"తీరలేదమ్మా," అంది రగ్నా.

తీరకపోవడం కాదు. ఆమె దాన్ని ఒక్కసారి కూడా వినలేదు. అందులో సున్నీవా ఉందా, లేదా? ఈ ఒక్క ప్రశ్నతో రెండు వేసవులు గడిపింది. వినకపోతే సున్నీవా ఉంటుంది.

సున్నీవా ఆమె అక్క. ఏడేళ్ళు పెద్ద. అరవై ఏళ్ళ కిందట, పంతొమ్మిదో ఏట, కొండ మీద, వేసవిలో మేకలను మేపుకునే పాక దగ్గర మంచులో పోయింది. కింద చర్చి పెరట్లో పూడ్చారు. అక్కడి సమాధులకు ఇరవై ఏళ్ళు గడువు. గడువు తీరాక కొన్నేళ్ళకోసారి ఇంటికి ఉత్తరం వస్తుంది, ఈ చోటు ఉంచుకుంటారా, వదులుకుంటారా అని. అమ్మ బతికున్నన్నాళ్ళూ ఉంచుకుంటామనే రాసింది. అమ్మ తర్వాత ఉత్తరం హల్వార్ పేరుమీద వచ్చింది, ఇంట్లో కాగితాలన్నీ అతనివే కాబట్టి. మూడేళ్ళ కిందట మే నెలలో రగ్నా పూలమొక్కల ట్రే, చిన్న తవ్వుగోల పట్టుకుని చర్చికి వెళ్ళింది. ఎప్పుడూ వెళ్ళే చోట గడ్డి ఉంది. వరుస తప్పానేమో అనుకుని గేటు దగ్గరికి వెళ్ళి మళ్ళీ మొదటినుంచి లెక్కపెట్టుకుంటూ వచ్చింది. గడ్డే. మూడోసారి కూడా గడ్డే. కొత్తగా పరిచిన గడ్డి, అతుకులు కూడా ఇంకా కనిపిస్తున్నాయి. ట్రే అక్కడే పెట్టి ఇంటికొచ్చింది.

"అరెరె, ఆ ఉత్తరమా," అన్నాడు హల్వార్. "కరెంటు కాగితాల కింద ఎక్కడో ఉండాలి." నిజంగానే నొచ్చుకున్నాడు, అది అబద్ధం కాదు. కాసేపు గదిలో అటూ ఇటూ తిరిగాడు. తర్వాత బళ్ళో పాఠం చెప్పే గొంతుతో అన్నాడు: "రాయిదేముందే రగ్నా. ఏడాదికోసారి నువ్వు తప్ప దాన్ని చూసేవాళ్ళెవరు? నేను చెప్తాను మీ అక్క కథ. టూరిజం వాళ్ళు ఆ కొండ దారికి కథలు చెప్పమని నన్నే అడిగారు కదా. కార్లలో వచ్చేవాళ్ళు వేలమంది వింటారు. రాయికంటే అదే నయం."

తర్వాత ఆ వారం నాలుగు సాయంత్రాలు అతను వంటింటి బల్ల దగ్గర పసుపు అట్ట నోటుపుస్తకం పెట్టుకుని కూర్చున్నాడు. రగ్నా చెప్పింది. "ఆగు, ఆగు, అది మళ్ళీ చెప్పు. ఎన్ని మేకలు? ఏ రోజు?" అని అడిగి రాసుకున్నాడు. తన మాట కోసం అతను కలం పట్టుకుని ఎదురుచూడడం ఆ కాపురంలో ఆ నాలుగు సాయంత్రాలే. ఆ రోజుల్లో తాను సంతోషంగా ఉన్నానని ఆమెకు తర్వాత తెలిసింది. అక్క సమాధి పోయిన నెలలో సంతోషంగా ఉన్నందుకు సిగ్గుపడింది కూడా.

సమాధి మాట వచ్చింది కనుక అతను మరో పని కూడా చేశాడు. చర్చి ఆఫీసుకి వెళ్ళి తమ ఇద్దరికీ పక్కపక్కన చోటు చెప్పి వచ్చాడు. "నాది గోడ వైపు. నీది దారి వైపు. నీకు జనం కనిపిస్తుంటారు," అన్నాడు నవ్వుతూ. అదే ఏడాది పక్కింటి ఓడ్‌బ్యోర్గ్ పోయింది. పెళ్ళి చేసుకోని మనిషి, నలభై ఏళ్ళు పోస్టాఫీసు నడిపింది. తన బూడిద ఊరి ముందున్న సముద్రపాయలో, ఫియోర్డు నీళ్ళలో కలపాలని బతికుండగానే ప్రభుత్వానికి కాగితం పెట్టుకుంది. అలా చల్లించుకున్నవాళ్ళకు ఇక ఎక్కడా రాయి ఉండకూడదన్నది నిబంధన. "చెత్త పారబోసినట్టు," అన్నాడు హల్వార్. "పేరు లేకుండా పోవడానికి దరఖాస్తు ఎవరైనా పెట్టుకుంటారటే?" ఆ బూడిదను పడవలో తీసుకెళ్ళి చల్లిన నలుగురిలో రగ్నా ఒకతె. నీళ్ళమీద బూడిద కాసేపు పల్చటి మీగడలా తేలి, తర్వాత లేకుండా పోవడం చూసింది.

రికార్డింగు మరుసటి వసంతంలో అయింది. ఆ శరత్తులోనే అతను స్నానాల గదిలో పడిపోయాడు. మరుసటి వేసవిలో యాత్ర జనానికి విడుదలైనప్పుడు రగ్నా ఆసుపత్రి వసారాలో ఉంది. కూతురు ఇన్‌గున్ ఫోను చేసి, "అమ్మా, మేం విన్నాం. నాన్న గొంతు విని నాకు ఏడుపొచ్చేసింది. పిల్లలు సగంలోనే నిద్రపోయారనుకో," అంది. మీ పెద్దమ్మ ఉందా అందులో, అని అడగడానికి రగ్నా నోరు తెరిచింది. "బాగుందా?" అని అడిగి పెట్టేసింది.

*

హోములో ఇద్దరు నర్సులు హల్వార్‌ను పక్క సీటులో కూర్చోబెట్టి బెల్టు పెట్టారు. అతను స్టీరింగ్ వైపు చూశాడు, ఆమె వైపు చూశాడు. ఎడమ చెయ్యి ఎత్తి, జరుగు అన్నట్టు ఊపాడు. కుడి చెయ్యి ఒళ్ళో పడి ఉంది, ఎవరో మరిచిపోయిన సంచిలా.

"ఇవాళ నేనే నడుపుతాను," అంది రగ్నా.

"అలాగే," అన్నాడు హల్వార్, కోపంగా.

ఫోను డాష్‌బోర్డుకు తగిలించింది. కారు ఏ చోటికి వస్తే అక్కడి కథ దానంతటదే మొదలవుతుందట, మనం ఏమీ నొక్కనక్కర్లేదని మారిత్ చెప్పింది. ఊరు దాటి, పడవల రేవు దాటి, లోయలోకి తిరగగానే నిజంగానే మొదలైంది. చిన్న వయొలిన్ ముక్క, ఆ వెనక అతను.

"నమస్కారం. నేను హల్వార్. ముప్పై నాలుగేళ్ళు ఇక్కడి పిల్లలకు చరిత్ర చెప్పాను, ఇప్పుడు మీ వంతు. ఈ అరవై కిలోమీటర్లూ నేను మీ పక్క సీటులోనే ఉంటాను. తొందరపడకండి. నేను చెప్పినప్పుడు చూడండి."

పక్క సీటులో హల్వార్ నిటారుగా అయ్యాడు. ముఖం వెలిగింది. సగం ముఖమే వెలిగింది, రెండో సగానికి కదలిక లేదు. రెండేళ్ళుగా వినని గొంతు. ఇంత దగ్గరగా, ఇంత నిండుగా. ఆ గొంతుకోసమే ఒకప్పుడు రగ్నా యువజన సంఘం మెట్లమీద చలిలో నిలబడింది. ఆ సంగతి మరిచిపోలేదు. మరిచిపోతే తేలికయ్యేది.

"ఎడమవైపు చూడండి," అన్నాడు ఫోనులో. చూసింది. జలపాతం. "ఇప్పుడు వేగం తగ్గించండి. ఇంకా తగ్గించండి." తగ్గించింది. తను చేసే ప్రతి పనీ అతను ముందే చెప్పేశాడని, రెండేళ్ళ కిందటే ఒక మూసిన గదిలో కూర్చుని ఇవాళ తన పాదం బ్రేకు మీద ఎంత నొక్కాలో చెప్పి పెట్టాడని అనిపించి నవ్వొచ్చింది. నవ్వలేదు. దారి సన్నబడుతోంది.

నాలుగో మజిలీ దగ్గర వేసవి పాక ఒకటి ఉంది, ఇప్పుడది వాఫిల్స్ అమ్మే కాఫీ కొట్టు. గడ్డి కప్పు, ఎర్ర తలుపులు, బయట బల్లలు. అక్కడికి రాగానే గొంతు చీజ్ గురించి మొదలుపెట్టింది. విరుగుడు నీళ్ళను పెద్ద గంగాళంలో పోసి తొమ్మిది గంటలు కాచాలి. చివరి గంటలో కలపడం ఆపితే అడుగంటుతుంది, ఆ గంటలో తుమ్ము వచ్చినా ఆపుకోవాలి. "తుమ్మితే పగటి కష్టమంతా పొయ్యిపాలే, అని ఇక్కడి పాతకాలపు జనం చెబుతారు," అన్నాడు ఫోనులో హల్వార్.

అది అమ్మ మాట. తుమ్ము మాట అమ్మది, తొమ్మిది గంటల లెక్క సున్నీవాది. రెండూ రగ్నా వంటింటి బల్ల దగ్గర కూర్చుని చెప్పినవే. ఆ కాఫీ కొట్టులో ఆ చీజ్ ఎప్పుడూ కాచలేదు, అప్పట్లో అది పందుల పాక. "ఇక్కడి జనం," అనుకుంది రగ్నా. పోనీలే. ఇది కొండ పైన చెప్పే కథకు పనికొచ్చే ముక్క, ఇక్కడ కాస్త వాడుకున్నాడు. అసలుది అక్కడ చెప్తాడు. అక్క పేరు చెప్పకుండా మేకల సంగతి చెప్పలేడు కదా, అని తనకు తనే సర్దిచెప్పుకుంది. సర్దిచెప్పుకోవడంలో ఆమె చెయ్యి తిరిగిన మనిషి.

తర్వాత పదకొండు మలుపులు. ఆరో మలుపులో పైనుంచి ఇల్లంత పెద్ద ప్రయాణపు బండి ఒకటి దిగుతూ ఎదురైంది. డ్రైవరు రెండు చేతులూ ఎత్తాడు, నా వల్ల కాదన్నట్టు. పక్కకు తప్పుకునే చోటు రగ్నా వెనక ఉంది, నలభై గజాల కింద. దగ్గరున్నవాళ్ళే వెనక్కి వెళ్ళాలి, ఈ కొండ మీద అది పద్ధతి. హల్వార్ ఎడమ చేత్తో సీటు అంచు పట్టుకున్నాడు. "అలాగే, అలాగే, అలాగే," అన్నాడు, ప్రతిసారీ గొంతు పెంచుతూ. ఆ మూడు మాటల వెనక ఉన్న అసలు మాటలు ఆమెకు వినిపించాయి. దిగు. నేను చేస్తాను. నీ నరాలకు పడదు. ఆమె తల వెనక్కి తిప్పి, అద్దాన్ని నమ్మకుండా వెనక కిటికీలోంచి చూస్తూ, ఒక చక్రం గోడ పక్కన, ఒక చక్రం గాలి పక్కన, మెల్లగా నలభై గజాలూ వెనక్కి దిగింది. పెద్ద బండి పక్కనుంచి పోయింది. డ్రైవరు చెయ్యి ఊపి హల్వార్‌కు దండం పెట్టాడు.

మలుపుల కథ పెద్దది. ఆ దారిని యుద్ధానికి ముందు పన్నెండు మంది మనుషులు సుత్తులతో, మందుగుండుతో వేశారు. గొంతు ఆ పన్నెండు మంది పేర్లూ చెప్పింది, ఇంటిపేర్లతో సహా. కన్ను పోగొట్టుకున్న మనిషి పేరు చెప్పింది. రాళ్ళు మోసి మోసి ఎనిమిదో మలుపులో కూలిపోయిన గుర్రం పేరు కూడా చెప్పింది, బ్లాకెన్ అట. గుర్రం దగ్గర గొంతు కాస్త వణికింది. హల్వార్ బాగా చదువుతాడు, ఎక్కడ వణకాలో తెలుసు. పక్క సీటులో అతని మంచి కంట్లోంచి నీరు కారింది. రగ్నా జేబు రుమాలు తీసి తుడిచింది. గుర్రానికే ఇంత ఏడిస్తే, అనుకుంది.

పైకి వచ్చేశారు. చెట్లు అయిపోయాయి. రోడ్డుకు ఇరువైపులా మనిషెత్తు మంచు గోడలు, జూన్ నెలాఖరైనా కరగనివి. తర్వాత గోడలు కూడా అయిపోయి, బూడిదరంగు రాళ్ళు, తడి నాచు, సగం గడ్డకట్టిన చెరువు. చెరువు దాటితే వంతెన. వంతెన దాటితే కుడివైపున హోగ్‌స్తోల్, సున్నీవా ఉన్న వేసవి పాక. అక్కడ ఇప్పుడు పునాది రాళ్ళు మాత్రమే ఉన్నాయి. కొత్త మనిషి చూస్తే అవీ మామూలు రాళ్ళే. అందుకే చెప్పే మనిషి కావాలి.

వంతెన మీదికి రాగానే ఫోనులో వయొలిన్ మొదలైంది. రగ్నా వేగం తగ్గించింది.

"ఇక వచ్చే ఏడు కిలోమీటర్లలో," అన్నాడు హల్వార్, "ప్రత్యేకంగా చూడడానికి ఏమీ లేదు. మీ ఆవిడ ఫ్లాస్కులో కాఫీ పోసి ఉంటే, తాగడానికి ఇదే అదను." చిన్న నవ్వు. వయొలిన్ కాసేపు సాగి ఆగిపోయింది.

ఆమె కారును రోడ్డు పక్కకు తీసి ఆపింది. ఇంకా ఏమైనా వస్తుందేమోనని చూసింది. ఫోను తెరమీద తమ కారు గుర్తు చిన్న నీలం చుక్కలా, చుట్టూ ఏ పేరూ లేని తెల్లటి చోట నిలబడి ఉంది.

"హల్వార్," అంది. "సున్నీవా ఏది?"

అతను ఆమె వైపు తిరిగాడు.

"చెప్తానన్నావు కదా. రాయికంటే నయమన్నావు. నాలుగు సాయంత్రాలు రాసుకున్నావు. తీసేశావా?"

"అలాగే," అన్నాడు హల్వార్. నెమ్మదిగా, దయగా కూడా. తర్వాత ఎడమ చేత్తో వెనక సీటు వైపు చూపించాడు. ఫ్లాస్కు వైపు.

ఆమె తలుపు తీసుకుని దిగింది.

రోడ్డు నుంచి పునాది దగ్గరికి రెండు వందల అడుగులు. అప్పట్లో ఈ రోడ్డు లేదు. మలుపుల దారి పైఅంచు వరకే ఉండేది, అక్కడినుంచి కాలినడకే. రోడ్డు సున్నీవా పోయిన నాలుగేళ్ళకు వచ్చింది. ఆ సెప్టెంబరులో గడ్డి ఇంకా బాగుందని నాన్న మేకలను మరో వారం పైనే ఉంచమన్నాడు. రగ్నాకు పన్నెండేళ్ళు, బడి మొదలైపోయింది. చీజ్ దిమ్మలు వీపుకు కట్టుకుని ఆమె దిగిపోవాలి, సున్నీవా ఒక్కతే ఉండాలి. దారి గుర్తుగా పేర్చిన రాళ్ళ గుట్ట వరకూ అక్క తోడు వచ్చింది. మూట సర్దింది, రుమాలు ముడి బిగించింది. "ఇక వెళ్ళవే బుజ్జీ. వెనక్కి తిరిగి చూడకు, బరువుకు తూలి పడతావ్. అమ్మతో చెప్పు, సబ్బు అయిపోయిందని." రగ్నా వెనక్కి తిరగలేదు. చెప్పిన మాట వినే పిల్ల. కొంతదూరం పోయాక వెనకనుంచి పిలుపు వినిపించింది.

కొండ మీద ఆడవాళ్ళు మందను పిలిచే పిలుపు అది. మాటలుండవు. అడుగునుంచి మొదలై, మేకపిల్ల రాయి మీంచి రాయి మీదికి గెంతినట్టు పైకి పైకి పోయి, అక్కడ సన్నగా నిలబడుతుంది. ఎవరి పిలుపు వాళ్ళదే. అమ్మ పిలిస్తే సున్నీవా మేకలు తల కూడా ఎత్తేవి కావు. మేకలను పిలుస్తోంది అనుకుని రగ్నా నడిచి వెళ్ళిపోయింది. నాలుగు రోజులకు అకాలపు మంచు పడింది. సున్నీవా ఇరవై ఎనిమిది మేకలను పాకలోకి తోలి, దొరకని మూడింటికోసం వెళ్ళింది. ఆ మూడూ వాటంతటవే తిరిగొచ్చాయి. "మేకలు మూడూ బతికాయి," అన్నాడు నాన్న, అదేదో ఓదార్పు అయినట్టు. అరవై ఏళ్ళుగా రగ్నాను పీకుతున్నది ఆ మంచు కాదు. ఆ రోజు పిలిచింది మేకలనా, తననా? అది మధ్యాహ్నం. మధ్యాహ్నం పూట మందను ఎవరూ పిలవరు.

పునాది రాళ్ళ మధ్య నిలబడి రగ్నా నోరు తెరిచింది. ఈ పిలుపు ఎక్కడా రికార్డై లేదు. ఉంటే గింటే తన గొంతులోనే ఉండాలి. అడుగునుంచి మొదలుపెట్టింది. మొదటి మెట్టు వచ్చింది. రెండోదీ వచ్చింది. మూడో దగ్గర గొంతు చీలిపోయి, దగ్గులా అయిపోయింది. మళ్ళీ మొదలుపెట్టింది. డెబ్బై రెండేళ్ళ గొంతు, ఇన్నాళ్ళూ వంటింట్లో ఎవరినీ లేపకుండా మాట్లాడడం నేర్చుకున్న గొంతు. పైకి పోలేదు. చెరువు అవతల కొండ ఒకప్పుడు పిలుపును తిప్పి పంపేది. ఈసారి ఏదీ తిరిగి రాలేదు, తిప్పి పంపడానికి అక్కడి వరకూ ఏదీ చేరలేదు. అయినా మూడోసారి ఊపిరి తీసుకుంది.

రోడ్డు మీదినుంచి కారు హారన్ మోగింది.

ఒకసారి. తర్వాత పొడుగ్గా ఇంకోసారి. హల్వార్ పక్కకు వాలి, మంచి చేత్తో స్టీరింగ్ మధ్యలో నొక్కి పట్టుకున్నాడు. కొండ ఆ మోతను అందుకుని చక్కగా తిప్పి పంపింది.

ఆమె వెళ్ళింది. వెనక తలుపు తీసి ఫ్లాస్కు తీసుకుని కప్పులో పోసింది. కాఫీ పొగలు కక్కుతోంది, ఫ్లాస్కును ముందే వేడిచేసిన పద్ధతి అలాంటిది. అతని మెడ కింద రుమాలు పెట్టి, కప్పు పెదవులకు అందించి, కారిన చోట తుడిచింది. రొట్టె ముక్కల మధ్య కాగితాలు తీసి ఒక్కో ముక్కా చిన్నగా తుంచి పెట్టింది. అతను తిన్నాడు. కాగితాలు మడిచి డబ్బాలో పెట్టుకుంది.

బయలుదేరారు. సరిగ్గా ఏడో కిలోమీటరు దగ్గర వయొలిన్ మోగింది. "కాఫీ అయిందా?" అన్నాడు ఫోనులో హల్వార్. "అయితే పదండి, అసలు అందాలు ఇప్పుడే మొదలవుతాయి."

పక్క సీటులో హల్వార్ చెయ్యి చాచి ఫోనులో తన గొంతు ఇంకా పెంచుకున్నాడు.

*

హోము గుమ్మంలో మారిత్ ఎదురొచ్చింది. "ఎలా జరిగిందమ్మా? ఏమైనా స్పందించారా?"

"హారన్ కొట్టాడు," అంది రగ్నా.

"అబ్బ! ఆ చెయ్యి అంత దూరం వెళ్ళిందా? తనంతట తనే కావాలని నొక్కారా?"

"కావాలనే."

"చూశారా!" మారిత్ ఆమెను కావలించుకుంది. "వారం వారం తీసుకెళ్ళండి. సరేనా?"

సాయంత్రం ఇంటికొచ్చి, డబ్బా కడిగి బోర్లించి, రగ్నా అతని రాతబల్ల సొరుగు తీసింది. పసుపు నోటుపుస్తకం పైనే ఉంది. పేజీలు తిప్పింది. మలుపులు, పన్నెండు పేర్లు, బ్లాకెన్ పేరు కింద రెండు గీతలు. తర్వాత ఆ నాలుగు సాయంత్రాలు. ఏడు పేజీలు, అతని అందమైన దస్తూరిలో. సున్నీవా, పంతొమ్మిది. ముప్పై ఒక్క మేకలు. సబ్బు. పిలుపు. ఏదీ వదల్లేదు, అన్నీ రాసుకున్నాడు. వాటన్నిటి మీదుగా పెన్సిలుతో మూలనుంచి మూలకు ఒకే గీత, స్కేలు పెట్టి గీసినట్టు తిన్నగా. పక్కన అంచులో చిన్న అక్షరాలు: "విషాదం. సెలవుల్లో ఎవరు వింటారు? ఇక్కడ కాఫీ పెట్టాలి."

అతను మరిచిపోయాడనే ఆమె అనుకోవాలనుకుంది. ఉత్తరాన్ని మరిచినట్టే, కథనూ మరిచాడని. మరపైతే క్షమించడం ఆమెకు వచ్చు, ఎంతో చేసింది. టూరిజం వాళ్ళను అడిగితే ఆ చోట ఏదైనా కలుపుతారేమో అని ఒక క్షణం అనుకుంది. ఏ గొంతుతో? అతని దగ్గర ఒక్క మాటే మిగిలింది. తన దగ్గర రెండు మెట్లే మిగిలాయి. నోటుపుస్తకాన్ని ఎలా ఉన్నదాన్ని అలాగే సొరుగులో పెట్టేసింది.

కిటికీలో ఇంకా బాగా వెలుగుంది. సంచిలోంచి కాగితం తీసింది. హోము నుంచి వస్తూ లైబ్రరీలో ఆగి అక్కడి అమ్మాయిచేత అచ్చు తీయించుకున్నది. "ఎవరికోసమమ్మా?" అని ఆ అమ్మాయి మెల్లగా అడిగితే, "నాకే" అంది. ఓడ్‌బ్యోర్గ్ పెట్టుకున్న కాగితం లాంటిదే. అతని కళ్ళజోడు పక్కకు జరిపి, అతని కలం తీసుకుని, అతని కుర్చీలో కూర్చుంది. ఈ ఇంట్లో తన పేరుమీద తాను నింపుతున్న మొదటి కాగితం ఇది. పేరు రాసింది. పుట్టిన తేదీ రాసింది. ఇకమీదట నా పేరుతో ఎక్కడా సమాధి రాయి ఉండదని నాకు తెలుసు, అన్నచోట టిక్కు పెట్టింది. గోడ వైపు చోటు అతనికి ఉంది. దారి వైపు చోట ఎవరినైనా పెట్టుకుంటారు.

బూడిద చల్లవలసిన ప్రాంతం: హోగ్‌స్తోల్, వంతెన దాటాక కుడివైపు.

ఆ కింద ఒక ప్రశ్న ఉంది. ఆ ప్రాంతంలో ఇళ్ళు, కట్టడాలు, జనం ఆగి చూసే విశేషాలు ఏవైనా ఉన్నాయా? ఉంటే అనుమతి ఇవ్వరు.

రగ్నా కాసేపు కలం పట్టుకుని కూర్చుంది. తర్వాత గుండ్రటి అక్షరాలతో, తొందర లేకుండా రాసింది.

"ఏవీ లేవు. అక్కడ ప్రత్యేకంగా చూడడానికి ఏమీ లేదు. మా ఆయన కూడా అదే చెప్పాడు."